రుచి లేని భోజనం ఎలా వండాలి: చప్పిడివాదంతో ఒక పూట

ముందే చెప్పేస్తున్నా, చప్పిడివాదం ఏ శాస్త్రంలోనూ లేదు, ఏ మఠంలోనూ నేర్పరు. తిరుపతిలో అద్దె గదుల్లో ఉంటూ, రాత్రి భోజనాలయ్యాక వాదించుకోవడం తప్ప వేరే పని లేని కొందరం కలిసి అల్లుకున్నది. అల్లుకున్నదే అయినా దానికి నియమాలున్నాయి, లోపల కొట్లాటలున్నాయి, ఒక చీలిక కూడా వచ్చింది, కాబట్టి సిద్ధాంతమనే అంటాం.

దాని సారం ఇంతే: రుచి లేకపోవడం కూడా వండితేనే వస్తుంది. ఏమీ వేయకపోతే కూడు చప్పగా ఉంటుందని అందరూ అనుకుంటారు గానీ ఉండదు. ఉప్పు వేయని కందిపప్పు కమ్మగానే ఉంటుంది, వట్టి అన్నం కూడా మూత తీయగానే గుమ్మంటుంది. రుచి బియ్యంలో ఉంది, నీళ్లలో ఉంది, గిన్నెలో ఉంది, పక్కింటి తాలింపులో ఉంది, చివరికి మన ఉమ్మిలో కూడా ఉంది. వీటిని ఒక్కొక్కటిగా బయటికి పంపాలి. ఊరిబిండి పచ్చడి లేనిదే సంగటి గొంతు దిగదనే జిల్లాలో ఈ పని ఎవరు చేస్తారంటే, ఇది చదువుతున్నారు కాబట్టి మీరే.

దీన్ని పత్యంతో కలిపేయకండి. జ్వరం వస్తే మనకు మిరియాల చారు పెడతారు, బాలింతకు తెల్లగడ్డ కారం పెడతారు, రెండూ నోరూరించే వస్తువులే. హాస్టల్ సాంబారుతో అసలు కలపొద్దు, అది రుచి తెప్పించబోయి తప్పిపోయిన వంట. ఇక్కడ మనం కావాలని సున్నా దగ్గరికి వెళ్తున్నాం.

ఒక్క పూటే చేయండి. పసిపిల్లలకు, గర్భిణులకు, సుగర్ మందులు వాడేవాళ్లకు, ఉప్పు విషయంలో డాక్టరు ఏదైనా చెప్పి ఉన్నవాళ్లకు ఈ ప్రయోగం వద్దు. ఇందులో పిండి తప్ప ఒంటికి పట్టేది పెద్దగా ఏమీ ఉండదు, ఎందుకో వండేటప్పుడు తెలుస్తుంది.

1. పూట ఎంచుకోవడం

మే నెల మధ్యాహ్నం పెట్టుకోవద్దు. తిరుపతి ఎండకు చెమటలో ఉప్పు పోయి ఉంటుంది, అప్పుడు ఒళ్లు ఉప్పే అడుగుతుంది, మీ సిద్ధాంతం వినదు. గంగమ్మ జాతర వారం అసలు కుదరదు, ఏ వీధిలో చూసినా అంబలి, పొంగళ్లు, వేటలు, వాసన లేని గాలే దొరకదు. సాయంత్రాలు కూడా వద్దు, బజ్జీల బండ్లు వచ్చేస్తాయి. చలికాలం, పొద్దున పదకొండు గంటలు బాగుంటుంది. అప్పటికి చుట్టుపక్కల టిఫిన్ల వాసనలు సద్దుమణిగి, మధ్యాహ్నం తాలింపులు ఇంకా మొదలవ్వవు. అయినా వంటింటి కిటికీ మూసేయండి, మీ ఇంటికి పడమట ఎవరు చేపలు వేయిస్తారో మీకే తెలియాలి.

2. నోరూ ముక్కూ

పళ్లు తోమాక రెండు గంటలైనా ఆగండి. టూత్‌పేస్టులో నురగ కోసం వేసే సరుకు నాలుక మీద తీపిని అణిచి చేదును పైకి లేపుతుంది, తోమగానే బత్తాయి రసం తాగినవాళ్లకు ఆ సంగతి తెలుసు. కాఫీ, వక్క, సోంపు, జర్దా ఏవీ పొద్దున్నుంచీ ఉండకూడదు. ఉసిరికాయ మరీ ప్రమాదం, అది తిన్నాక మంచినీళ్లే తియ్యగా ఉంటాయి. నీళ్లలో తీపి లేదు, నాలుక అంతకుముందు తిన్నదాన్ని బట్టి లెక్క వేస్తుంది. ఆ లెక్క సున్నాకు తేవడానికే ఈ ఖాళీ కడుపు.

ఇక ముక్కు. మీలో నమ్మనివాళ్లుంటే ఇప్పుడే లేచి వెళ్లి నాలుగు జీలకర్ర గింజలు తెచ్చుకోండి. ముక్కు గట్టిగా మూసుకుని నమలండి. ఏదో పొట్టు నమిలినట్టుంటుంది, కాస్త చేదు తగులుతుంది, అంతకుమించి ఏమీ ఉండదు. అట్లాగే నమలుతూ ముక్కు వదలండి. జీలకర్ర అప్పుడు వస్తుంది, ఒక్కసారిగా, తల నిండా. మనం నాలుకదనుకునే రుచిలో చాలా భాగం వాసనే, నమిలేటప్పుడు గొంతు వెనకాల నుంచి ముక్కులోకి ఎక్కుతుంది. కోవిడ్‌లో వాసన పోయినవాళ్లకు ఇది కొత్తగా చెప్పక్కర్లేదు, నెయ్యి వేసుకున్నా నూనె వేసుకున్నా ఒకటేలా ఉందని అప్పట్లో ఎంతమంది టెన్షన్ పడలేదు.

అట్లయితే ముక్కుకు క్లిప్పు పెట్టుకుని నాటుకోడి పులుసు తింటే సరిపోదా అని ఎవరో ఒకరు అడుగుతారు. సరిపోదు. లోపం కంచంలో ఉండాలి, తినేవాడిలో ఉండకూడదు. చప్పిడివాదంలో మొట్టమొదటి నియమం ఇదే. నాలుక, ముక్కు పూర్తిగా మేలుకుని ఉండాలి, వాటికి దొరికేది మాత్రం ఏమీ ఉండకూడదు.

3. నీళ్లు

చాలామంది ఇక్కడే తేలిగ్గా తీసుకుంటారు. మన జిల్లాలో ఒక ఊరి బోరు నీళ్లకూ ఇంకో ఊరి బోరు నీళ్లకూ సంబంధం ఉండదు, కొన్నిచోట్ల పప్పు ఉడకనంత గట్టి నీళ్లు, కొన్నిచోట్ల ఉప్పన. తిరుపతి టౌన్లో కల్యాణి డ్యాం నీళ్లు వచ్చే కొళాయి అయితే క్లోరిన్ వాసన ఉంటుంది. క్యాన్ వాటరు తెచ్చుకోండి, తెచ్చాక మరిగించి చల్లార్చండి. మరిగితే నీళ్లలో కరిగి ఉన్న గాలి పోతుంది, కాచి చల్లార్చిన నీళ్లు చప్పగా అనిపిస్తాయి. మామూలుగా మనం తిట్టుకునే ఆ గుణమే ఇక్కడ కావాలి.

చల్లార్చడం స్టీలు బిందెలోనే చేయండి. మట్టికుండలో పోస్తే మట్టివాసన పట్టేస్తుంది, రాగి చెంబులో లోహపు రుచి వస్తుంది. గుడి అలవాటుతో తులసాకు వేసే చెయ్యి ఉంటే దాన్ని కాస్త ఆపండి.

4. ఏం వండాలి

ఇద్దరికి సరుకులు: ఒక గ్లాసు పాత బియ్యం, అర గ్లాసు సగ్గుబియ్యం, పావు కిలో బూడిద గుమ్మడికాయ.

బియ్యం పాతవే ఎందుకంటే కొత్త బియ్యానికి వాసన, జిగురు ఎక్కువ. సువాసన ఉన్న రకాలు ఏవీ వద్దు. రాగిపిండి వద్దు. ఇది చెప్పడానికి నాకే బాధగా ఉంది, ఎందుకంటే సంగటిలో ఉప్పే వేయని ఇళ్లు మన దగ్గర బోలెడు, దాన్నే చప్పిడివాదపు ముద్దగా ప్రకటిద్దామని మా వాళ్లలో ఒకడు చాలా పోట్లాడాడు. కానీ వేడి సంగటి ముద్ద చేతిలోకి తీసుకుని వాసన చూడండి. కాలిన మట్టి మీద వాన పడ్డట్టుండే ఆ వాసనను పెట్టుకుని రుచి లేదని ఎట్లా అంటాం? సంగటికి పులుసు తోడు కావాలంతే, సంగటి తనంతట తను చప్పన కాదు. మా వాడు ఓటింగులో ఓడిపోయాడు.

పప్పులన్నీ బయటే. టమాటా మరీ బయట. మదనపల్లె మార్కెట్ నుంచి వచ్చే పండిన టమాటా ఉప్పు లేకుండా ఉడికించినా నోటికి నిండుగా తగులుతుంది, అందులో గ్లుటమేటు ఉంటుంది కాబట్టి. 1908లో జపాన్‌లో ఇకెడా అనే ప్రొఫెసరు సముద్రపు నాచు చారులో ఈ గ్లుటమేటు రుచినే పట్టుకుని ఉమామి అని పేరు పెట్టాడు. తీపి, పులుపు, ఉప్పు, చేదు పక్కన అది అయిదోది.

కారం సంగతి అడుగుతారేమో. మన షడ్రుచుల్లో కారానికి చోటుంది, సైన్సువాళ్ల అయిదింటిలో లేదు. వాళ్ల లెక్కలో అది మంట. మిరపకాయలోని క్యాప్సైసిన్ నోట్లో వేడిని పసిగట్టే నరాలనే తట్టి లేపుతుంది, ఆ నరాల్లో వేడిని పసిగట్టే గ్రాహకం ఆనవాలు పట్టినందుకు డేవిడ్ జూలియస్‌కు 2021లో నోబెల్ బహుమతిలో వాటా వచ్చింది. కాబట్టి మిరక్కాయ రుచి కాదు, వేసుకోవచ్చని వాదించే తెలివైనవాడు మీ ఇంట్లోనూ ఉంటాడు. ఒప్పుకోకండి. రాయలసీమ నోటికి ముందుగా తెలిసే లోటు అదే, దాన్నే వదిలిపెడితే ఇంక చేసినదేముంది.

పాలు, పెరుగు కూడా వద్దు. పెరుగన్నం చప్పనే కదా అనేవాళ్లకు ఒకటే మాట, తిరుమలలో స్వామికి మట్టికుండలో పెట్టే నైవేద్యం పెరుగన్నం, అది రుచి లేని వస్తువని మీరు అనుకుంటే మీ పెరుగులో ఏదో తేడా ఉంది.

కూరగాయల్లో పొట్లకాయకు పచ్చి వాసన, బీరకాయకు తీపి. బూడిద గుమ్మడి ఒక్కటే దాదాపు నీళ్లే. అది దొరక్కపోతే లేత సొరకాయ తీసుకోండి, కానీ కోయగానే చిన్న ముక్క నాలుకకు తగిలించి చూడండి, చేదుంటే మొత్తం కాయ పారేయండి. చేదు సొరకాయ విషం, వాంతులు, విరేచనాలు పట్టి ఆస్పత్రి దాకా తీసుకెళ్తుంది, ఉడికించినా పోదు. రుచి చూడకూడదనే నియమం కింద వస్తుంది, సొరకాయ దగ్గర మాత్రం ఆ నియమం చెల్లదు.

ఇక సగ్గుబియ్యం. కర్రపెండలం పాలలోని పిండి తప్ప అందులో ఏమీ ఉండదు, పక్కనున్న సేలం వైపు నుంచే మనకు ఎక్కువగా వస్తుంది. పాయసంలో బెల్లాన్ని, వడియాల్లో జీలకర్రను మోయడం తప్ప దానికి సొంత గొంతు లేదు. చప్పిడివాదానికి ఇష్టదైవం లాంటిది.

5. వండే పద్ధతి

స్టీలు గిన్నెలే వాడండి. నిన్న రసం కాచిన గిన్నె ఎంత తోమినా ఆ వాసన మూతలో దాక్కుంటుంది, మూత అసలు పెట్టడమే లేదు కాబట్టి ఆ గొడవ లేదు. కుక్కరు వద్దు, అది వాసనను లోపలే బంధించి మళ్లీ అన్నానికే ఎక్కిస్తుంది.

బియ్యం నీళ్లు తేటగా వచ్చేదాకా కడిగి అరగంట నానబెట్టండి. ఏడెనిమిది గ్లాసుల నీళ్లు తెర్లించి అందులో వేసి, మూత లేకుండా ఉడికించి, గంజి వార్చేయండి. వార్చాక కాచి చల్లార్చిన నీళ్లు ఒకసారి పోసి మళ్లీ వంచండి. గంజితో పాటు నీళ్లలో కరిగే విటమిన్లు కూడా పోతాయి, ఒక్క పూటే అన్నది అందుకే. గంజి పారబోయకండి, ఉప్పేసి ఇంట్లో ఎవరికైనా ఇవ్వండి, నూలు చీరలకైనా పెట్టుకోండి.

అన్నింటికన్నా జాగ్రత్తగా చూసుకోవాల్సింది అడుగంటడం. నీళ్లున్నంతసేపు గిన్నెలో వేడి 100 డిగ్రీలు దాటదు, నీళ్లు ఇంకిపోతే అడుగున 140 దాటి గోధుమరంగు తిరుగుతుంది, అక్కడి నుంచి వందల రకాల కొత్త వాసనలు పుడతాయి. 1912లో మయ్యార్ అనే ఫ్రెంచి ఆయన వివరించింది ఈ మార్పునే. దోశ అంచు, వేయించిన చెనక్కాయ, కాఫీ గింజ, అన్నిటి ఘుమఘుమా దీని చలవే. మాడు వాసన కొద్దిగా తగిలినా ఆ గిన్నె పక్కన పెట్టి, అన్నం ఇంట్లోవాళ్లకు పెట్టేసి, మళ్లీ మొదలుపెట్టండి.

సగ్గుబియ్యం దగ్గర మాత్రం కాస్త నిలబడి చూడండి. రెండు గంటలు నానినవి మరిగే నీళ్లలో వేయగానే అడుక్కి పోతాయి, అంటుకోకుండా గరిటె తిప్పుతూ ఉంటే కాసేపటికి పైకి తేలడం మొదలవుతుంది. అంచు నుంచి లోపలికి అద్దంలా అవుతూ వస్తాయి, నడిమధ్య తెల్లటి చుక్క మాత్రం మిగులుతుంది, చిన్న ఆవగింజంత, మొండిగా. అప్పుడు పొయ్యి ఆపేసి, ఆ వేడినీళ్లలోనే వదిలేయండి. పది నిమిషాలకు చుక్క కూడా పోయి, గిన్నెలో ఏదైనా ఉందా లేదా అన్నట్టు ఉంటుంది. జల్లెడలో వంచి రెండుసార్లు చల్లటి నీళ్లతో కడగండి.

గుమ్మడికాయకు చెక్కు తీసి, గింజలు, మధ్యలో దూది లాంటి భాగం తీసేసి, అర అంగుళం ముక్కలు కోయండి. ఒకసారి అయిదు నిమిషాలు ఉడికించి ఆ నీళ్లు పారబోసి, కొత్త నీళ్లలో మెత్తబడేదాకా ఉడికించండి.

వండుతూ రుచి చూడకూడదు. తిరుమల పోటులో, అంటే గుడి వంటశాలలో చూడరు, నైవేద్యం వండే ఏ ఇంట్లోనూ చూడరు, అక్కడ కారణం భక్తి. ఇక్కడి కారణం చాలా చిన్నది: గరిటె నాలుకకు తగిలిన మరుక్షణం చెయ్యి ఉప్పు డబ్బా మీదికి పోతుంది, అది మీ ఇష్టంతో పని లేకుండా జరిగిపోతుంది. మెతుకు వేళ్ల మధ్య నొక్కి చూడండి, ముక్క స్పూనుతో గుచ్చి చూడండి, దానికి నోరు అక్కర్లేదు. ఉప్పు డబ్బా ముందే పక్కింట్లో ఇచ్చి వస్తే ఇంకా మంచిది.

6. వడ్డన

అరిటాకు వద్దు, వేడి తగిలితే ఆకు కూడా వంటకమే అవుతుంది. విస్తరి వద్దు. స్టీలు కంచం. అన్నం, సగ్గుబియ్యం, గుమ్మడి ముక్కలు మూడూ వేరువేరుగా పెట్టండి.

వేడి మీద వాసన లేస్తుంది కాబట్టి పొగలు పోయేదాకా ఆగాలి. ఫ్రిజ్జులో పెట్టి చల్లగా తింటే రుచి ఇంకా తక్కువ తెలుస్తుంది నిజమే, కానీ అప్పుడు చల్లదనం తెలుస్తుంది. నోట్లో ఉండే వేడి ఎంతో అంతే ఉండాలి. చూపుడువేలు అన్నంలో పెడితే వేడీ చల్లనా ఏదీ అనిపించకూడదు, అదే గురుతు.

చేత్తోనా, స్పూనుతోనా? చేత్తోనే. పొద్దున ఎర్రగడ్డ గానీ తెల్లగడ్డ గానీ తరిగి ఉంటే మాత్రం ఆ చెయ్యి పనికిరాదు, సబ్బుతో కడిగితే సబ్బు వాసన. ఎడంచేత్తో తినమని నేను చెప్పలేను, ఇంట్లో పెద్దవాళ్లుంటారు. ముందు రోజు నుంచే తరిగే పని ఇంకొకరికి అప్పజెప్పండి.

ఊరగాయ జాడీలు కనబడకూడదు. మామిడికాయ జాడీ కంటపడితే చాలు, మూత తీయకపోయినా నోట్లో నీళ్లూరి పులుపు వచ్చేస్తుంది.

7. తినడం

మొదటి రెండు ముద్దలకు ఏమీ జరగదు. నాలుక వెతుకుతుంది. ఇక్కడే చాలామంది నవ్వుతారు, కొందరికి కోపం వస్తుంది, ఒకమ్మాయి మధ్యలో లేచి వెళ్లి పర్సులోంచి చాక్లెట్ తీసుకుంది. మీరు కూర్చోండి.

మూడో ముద్ద నుంచి చిక్కు మొదలవుతుంది, మా సిద్ధాంతంలో చీలిక వచ్చింది కూడా దీని మీదే. అన్నం ఎంతసేపు నమిలితే అంత తియ్యబడుతుంది. ఉమ్మిలో ఉండే ఎంజైము పిండిని విడగొట్టి చక్కెరగా మారుస్తుంది, అది ఆగదు. అంటే బయట నుంచి వచ్చే రుచులన్నీ గెంటేసి తలుపేసుకుంటే, లోపలున్న మన నోరే వంట మొదలుపెడుతుంది. మింగుడు పక్షం వాళ్లు, అయితే నమలకుండా మింగేద్దాం, అప్పుడే సున్నా నిలబడుతుంది అంటారు. నమలుడు పక్షం వాళ్లు ఆ తీపి దొరికేదాకా నమలడమే ఈ భోజనం అసలు పని అంటారు. నేను నమలుడు పక్షం. మింగుడు పక్షం వాళ్లకు ఆ సాయంత్రం కడుపు ఉబ్బరం వచ్చింది, అది వాదనగా లెక్కలోకి రాదని వాళ్లంటారు.

ఇంకొకటి గమనించండి. ఉమ్మిలో ఉప్పు ఉంటుంది, పుట్టినప్పటి నుంచీ ఉంది కాబట్టి మనకు తెలియదు. సగ్గుబియ్యం నోట్లో వేసుకుని కాసేపు నమలకుండా ఉంచితే, అది ఆ ఉమ్మికన్నా చప్పన కాబట్టి, ఏదో తగ్గినట్టు వింతగా ఉంటుంది. చేదు అనలేం, తీపి అనలేం. చప్పిడివాదం చూపించగలిగింది ఏదైనా ఉందంటే అదే, దాని కోసమే పొద్దున్నుంచీ ఈ హైరానా అంతా.

గుమ్మడి ముక్కలు త్వరగా తినేయండి, వాటిలో చూడ్డానికేం లేదు.

8. ఇంట్లోవాళ్లు

వంట కన్నా ఇది కష్టం. కంచం చూడగానే మా అమ్మ, "ఏం నాయనా, ఒంట్లో బాలేదా?" అంది. లేదమ్మా అంటే, "మరి ఈ రోగిష్టి కూడు ఏం ఖర్మ నీకు, కాస్త నెయ్యన్నా వేసుకో" అని గిన్నె తెచ్చేసింది. నెయ్యికి రుచేముందిలే అని ఒప్పుకునే ప్రమాదం ఉంది, నెయ్యి మొత్తం రుచే. ఇట్లాంటప్పుడు సిద్ధాంతం వివరించడం దండగ. రేపు ఆస్పత్రిలో టెస్టు ఉందని అబద్ధం చెబితే ఇంకా భయపడతారు. ఈ పూట మొక్కు అనండి. మన ఊళ్లో మొక్కు అన్నాక ఎవరూ ఎందుకని అడగరు, ఏ దేవుడికని మాత్రం అడుగుతారు, దానికి జవాబు సిద్ధంగా పెట్టుకోండి.

ఇంటికి వచ్చిన చుట్టాలకు మాత్రం ఇది పెట్టొద్దు. ముందే చెప్పి, వాళ్లు ఒప్పుకున్నా పెట్టొద్దు.

9. తర్వాత

తిన్నాక గంటసేపు ఏమీ నోట్లో వేసుకోకండి, తర్వాత శెనగ గింజంత బెల్లం ముక్క నాలుక మీద పెట్టుకోండి. చిత్తూరు మండీలో దొరికే నల్లబెల్లం అయితే మంచిది. తీపి కన్నా ముందు అందులోని ఉప్పన, కాస్త పొగ, చెరకు పచ్చివాసన విడివిడిగా తెలుస్తాయి, మామూలు రోజుల్లో ఇవన్నీ కలిసిపోయి ఉంటాయి. ఆ రోజు రాత్రి వంటలో ఉప్పు, కారం ఎప్పుడూ వేసేదాంట్లో సగమే వేయండి, అవే ఎక్కువైనట్టు అనిపించొచ్చు. ఈ తేడా మర్నాటికి ఉండదు. ఉప్పు తక్కువ తినే అలవాటు నిజంగా కావాలంటే వారాల తరబడి కొంచెం కొంచెంగా తగ్గించుకుంటూ రావాలి, ఒక్క పూటతో అయ్యేది కాదు.

మిగిలిన సగ్గుబియ్యం జిగురై పోతుంది, దాన్ని రేపటికి ఉంచకండి. గుమ్మడి ముక్కలు మజ్జిగ పులుసులో పడేయండి. అన్నం మిగిలితే రాత్రికి నీళ్లు పోసి మూత పెట్టండి, పొద్దున్నకు అదే పులిసి సద్ది అవుతుంది, కాబట్టి ఇక చప్పిడివాదం పరిధిలోకి రాదు. పక్కింటి నుంచి ఉప్పు డబ్బా తెచ్చుకోండి, ఎర్రగడ్డ ఒకటి, పచ్చిమిరక్కాయలు రెండు.